శిలాద్రవానికి రాగం కన్నా ముందు లయ ఇవ్వండి

మీ ప్రశ్నను నాకు అర్థమైనట్టు ఒకసారి చెప్పి మొదలుపెడతాను. మీరు పలాస వైపు నుంచి ఒక నవల రాస్తున్నారు. ఆ లోకంలో కొండల అడుగున ఉన్న శిలాద్రవం, అంటే భూమి లోపల కరిగి ఉన్న రాయి, సంగీతంలో ఆలోచిస్తుంది. ఒక అగ్నిపర్వతం ఆలోచన భూమి లోపలి నుంచే మరో అగ్నిపర్వతానికి చేరుతుంది. వీణలు చెక్కే ఇంట పుట్టిన అమ్మాయి ఆ ఆలోచనలను పసిగడుతుంది. మీరు అడిగినవి నాలుగు సంగతులు. శిలాద్రవం ఏ రాగంలో ఆలోచించాలి? ఆలోచన ఎంత వేగంతో నడవాలి? లావా చల్లారి రాయి అయ్యాక ఆలోచన పోతుందా, మిగులుతుందా? ఈ కథను మన విజయనగరం, శ్రీకాకుళం కొండల్లో పెట్టవచ్చా?

నేను గరివిడి, చీపురుపల్లి చుట్టుపక్కల మాంగనీసు గనుల్లో జియాలజిస్టుగా పనిచేసి రిటైరయ్యాను. ఉద్యోగం చేస్తూనే సాయంత్రాలు విజయనగరంలో మృదంగం నేర్చుకున్నాను. సాధన ఇప్పటికీ ఆపలేదు. మీ ఊహ నాకున్న రెండు లోకాలనూ కలిపింది కాబట్టి సమాధానం పొడుగవుతుంది, ఓపికగా చదవండి.

మొదట రాగం సంగతి. కొండ పేలినప్పుడు కల్యాణి రాగం పొంగి వచ్చినట్టు రాశారు. దాన్ని తీసేయమని నా సలహా. అందంగా లేదని కాదు, మీ శిలాద్రవానికి అంతకంటే గొప్పది సహజంగానే ఉంది. నిజమైన అగ్నిపర్వతాల కింద శిలాద్రవం, వాయువులు కదిలేటప్పుడు నేల ఆగకుండా సన్నగా కంపిస్తూ ఉంటుంది. భూకంప లేఖినుల మీద కనిపించే ఆ కంపనం ఎక్కువగా సెకనుకు ఒకటి నుంచి ఐదు సార్లు ఉంటుంది. మనిషి చెవికి స్వరంగా అందాలంటే సెకనుకు కనీసం 20 కంపనాలు ఉండాలి. అంతకంటే తక్కువైతే, అది ఎంత బలంగా ఉన్నా, మనకు స్వరంగా అందదు, విడివిడి దెబ్బలుగా అందుతుంది. సెకనుకు ఒక దెబ్బ అంటే నిమిషానికి 60. సెకనుకు రెండంటే 120. ఇది మనం చేత్తో తాళం వేసే వేగం. సెకనుకు నాలుగంటే మృదంగం మీద చతురశ్ర నడక, అంటే నాలుగేసి దెబ్బల నడక. కొండల అడుగున ప్రకృతి పెట్టినది సరిగ్గా తాళం ఉండే చోటు. అక్కడ మీరు రాగం పెడితే మనుషుల కచేరీని భూమి లోపలికి దించినట్టు అవుతుంది. లయ పెడితే శిలాద్రవానికి సొంత మనసు వస్తుంది.

వేగాల్లో ఉన్న తేడాలు కూడా మీకు పనికొస్తాయి. ఇటలీలోని స్ట్రోంబోలి సాధారణంగా పది, ఇరవై నిమిషాలకు ఒకసారి చిన్నగా పేలుతుంది, రెండువేల ఏళ్లకు పైగా దాదాపు అదే తీరు. ఈక్వడార్‌లోని కోటొపాక్సి 2016లో తన బిలంలోని గాలిని ఊపుతూ ఐదు సెకన్లకు ఒక ఊపు చొప్పున శబ్దం చేసింది. మనకు వినిపించదు, పరికరాలకు అందింది. ఒకటి అతి విలంబం, అంటే చాలా నిదానపు నడక, మరొకటి విలంబం అనుకోవచ్చు. మీ లోకంలో ఒక్కో కొండకూ సహజ కాలం ఒకటి ఉండాలి. తొందరపడే కొండ, నిదానించే కొండ అని పాత్రలు విడిపోవడానికి అదొక్కటే చాలు.

ఇక ఆలోచన అంటే ఏమిటో తేల్చాలి. వట్టి దెబ్బలు ఆలోచన కావు, గోడ గడియారం కూడా కొడుతుంది. లయలో ఆలోచన ఎప్పుడు పుడుతుందో మృదంగం వాయించేవాళ్లకు తెలుసు. రెండు నడకలు ఒకదానితో ఒకటి తలపడినప్పుడు పుడుతుంది. మూడు, నాలుగు పక్కపక్కన నడిస్తే పన్నెండు అక్షరాలకు (తాళంలో ఒక్కో లెక్కను అక్షరం అంటాం) కలుస్తాయి. ఐదు, ఏడు నడిస్తే ముప్పై అయిదుకు కలుస్తాయి. కలిసేవరకు వినేవాడి మనసులో ఒక ప్రశ్న నిలబడి ఉంటుంది. సమం మీద, అంటే రెండూ కలిసే దెబ్బ మీద, పడగానే అది తీరుతుంది. ఎప్పుడు తీరుతుందా అని లెక్కకడుతూ ఎదురుచూడడమే ఆలోచన. మీ శిలాద్రవానికి ఈ నిర్వచనం ఇవ్వండి.

దీనికి ఆధారం మన నేల మీదే ఉంది. బొబ్బిలి దగ్గర అజ్జాడలో 1864లో పుట్టిన ఆదిభట్ల నారాయణదాసు గారు హరికథకు పితామహుడు. 1919లో విజయనగరంలో సంగీత కళాశాల మొదలైనప్పుడు దానికి తొలి ప్రిన్సిపాల్ ఆయనే. రెండు చేతులు, రెండు కాళ్లు, తల, ఈ ఐదింటితో ఐదు తాళాలు ఏకకాలంలో నడిపించినందుకు ఆయనను పంచముఖీ పరమేశ్వరుడన్నారు. లయలో ఐదు జాతులున్నాయి కదా: త్రిశ్రం మూడు, చతురశ్రం నాలుగు, ఖండం ఐదు, మిశ్రం ఏడు, సంకీర్ణం తొమ్మిది. ఈ ఐదూ ఒకే క్షణంలో మొదలై, ఒకే వేగంతో నడిచి, మళ్లీ ఒకే దెబ్బ మీద కలవాలంటే 1260 అక్షరాలు పడుతుంది. తొమ్మిదిలో మూడు ఇమిడే ఉంది కాబట్టి నాలుగు, ఐదు, ఏడు, తొమ్మిదిని గుణించి చూసుకోండి. సెకనుకు ఒక అక్షరమైతే సరిగ్గా ఇరవై ఒక్క నిమిషాలు. కోటొపాక్సి ఊపులాగా ఐదు సెకన్లకు ఒకటైతే గంటా నలభై అయిదు నిమిషాలు. రోజుకు ఒక దెబ్బ వేసే మహా విలంబమైతే 1260 రోజులు, అంటే మూడున్నర ఏళ్లకు కాస్త తక్కువ.

ఒక అగ్నిపర్వతం కింద ఒకే గది ఉండదు. వేర్వేరు లోతుల్లో, ఒకదాని కింద ఒకటి, పక్కపక్కన, నాళాలతో కలిసిన శిలాద్రవపు నిలవలు చాలా ఉంటాయి. మీ కొండ కింద ఐదు నిలవలు పెట్టి, ఒక్కోదానికి ఒక్కో జాతి ఇవ్వండి. ఐదూ సమానికి వచ్చే రోజున కొండకు ఒక పూర్తి ఆలోచన ముగుస్తుంది. ఆ లోకంలోని మనుషులు తమ పండుగలను సూర్యచంద్రుల లెక్కన చేసుకోరు, ఈ 1260 రోజుల లెక్కన చేసుకుంటారు. విజయనగరంలో పైడితల్లి సిరిమానోత్సవం విజయదశమి తరువాత వచ్చే మంగళవారం అని మనం లెక్కవేసుకున్నట్టే వాళ్లు కొండ సమాన్ని లెక్కవేసుకుంటారు. ఆ లెక్క తెలిసిన పెద్దలుంటారు, తప్పిందని వాదించేవాళ్లుంటారు. కథకు కావలసిన మనుషులు అక్కడే దొరుకుతారు.

ఇప్పుడు మీకు అన్నిటికంటే ఎక్కువ పనికొచ్చే నిజ సంఘటన చెబుతాను. 2009లో అలాస్కాలోని రిడౌట్ అగ్నిపర్వతం వరుసగా పేలింది. కొన్ని పేలుళ్లకు ముందు ఇలా జరిగింది. మొదట ఒకే రకమైన చిన్న చిన్న భూకంపాలు, కొంచెం కొంచెం ఎడంగా. తరువాత వాటి మధ్య ఎడం తగ్గుతూ వచ్చింది. ఇంకా తగ్గింది. చివరకు దెబ్బకూ దెబ్బకూ తేడా తెలియనంత దగ్గరై, అన్నీ కలిసి ఒకే అవిచ్ఛిన్న కంపనంగా మారి, సెకనుకు దాదాపు 30 వరకు పైకి జారుతూ వెళ్లింది. ఆ తరువాత ఒక నిమిషం లోపు నిశ్శబ్దం. అప్పుడు పేలింది.

దీన్ని సంగీతం తెలిసిన మనిషిగా చదవండి. విలంబంలో మొదలైన తాళం మధ్యమ కాలానికి, ద్రుతానికి, అక్కడి నుంచి ఏ మృదంగ విద్వాంసుడి వేళ్లూ అందుకోలేని వేగానికి చేరి, చివరికి తాళం కావడం మానేసి శ్రుతి అయింది. లయ, శ్రుతి రెండూ వేరువేరు విద్యలని మనం అనుకుంటాం. భౌతికంగా చూస్తే రెండూ ఒకే వస్తువు, మధ్యలో మన చెవి గీసిన గీత ఒకటుంది. రిడౌట్ ఆ గీతను దాటి చూపించింది. పైగా మగవారు పాడే ఒకటో శ్రుతి షడ్జమం సుమారు 131 హెర్ట్జ్ (సెకనుకు 131 కంపనాలు) అనుకుంటే, దానికి రెండు స్థాయుల కింద వచ్చేది 33 హెర్ట్జ్. కొండ చేరిన 30కి ఎంతో దూరం లేదు.

కాబట్టి మీ మొదటి ప్రశ్నకు నా జవాబు ఇది: శిలాద్రవం తన జీవితమంతా లయలో ఆలోచిస్తుంది. చిట్టచివరి క్షణాల్లో మాత్రమే అది స్వరమవుతుంది. ఆ స్వరం కూడా రాగం కాదు, కింది నుంచి పైకి ఒకే ఒక్క జారు. వెంటనే విరామం. వెంటనే విస్ఫోటం. కల్యాణి వెయ్యి పేజీల్లో ఇవ్వలేని భయం, విస్మయం ఈ ఒక్క జారు ఇస్తుంది. పాఠకుడు నవల పొడుగునా దెబ్బలకు అలవాటుపడి ఉంటాడు, అవి స్వరంగా కరిగే చోటు వచ్చేసరికి ఏమి జరగబోతోందో మీరు చెప్పక్కరలేదు.

ఇక వేగం. ఇక్కడ మీ ప్రతిలో ఒక ఇబ్బంది ఉంది. ఆలోచన శిలాద్రవంలో ఎప్పుడూ మెరుపువేగంతో పోతున్నట్టు రాశారు. బుడగలు లేని బసాల్టు (పలుచని రకం శిలాద్రవం) ద్రవంలో ధ్వని సెకనుకు రెండున్నర కిలోమీటర్ల దాకా పోతుంది. ఐదు కిలోమీటర్ల నిలవను ఒక చివర నుంచి మరో చివరకు దాటడానికి రెండు సెకన్లు. లోతుల్లో ఒత్తిడి ఎక్కువ కాబట్టి నీటి ఆవిరి, కార్బన్ డయాక్సైడ్ లాంటి వాయువులు ద్రవంలోనే కరిగి ఉంటాయి. పైకి వచ్చేకొద్దీ ఒత్తిడి తగ్గి అవి బుడగలుగా విడిపోతాయి. బుడగలు చేరిన ద్రవంలో ధ్వని వేగం ఘోరంగా పడిపోతుంది, సెకనుకు వందల మీటర్లకు, ఒక్కోసారి ఇంకా కిందికి. అదే ఐదు కిలోమీటర్లకు సెకనుకు వంద మీటర్ల చొప్పున యాభై సెకన్లు పడుతుంది.

నమ్మకం కుదరకపోతే ఇంట్లో చూడండి. పింగాణీ కప్పులో వేడి పాలు పోసి, అందులో ఏదైనా పొడి వేసి బాగా కలిపి, చెంచా తీసేసి వెంటనే కప్పు అడుగున వేలితో టకటకా తట్టండి. మొదట మందంగా వినిపించిన శ్రుతి, బుడగలు పైకి పోయేకొద్దీ పెరుగుతూ పోతుంది. బుడగలున్నంతసేపు కప్పులో ధ్వని మెల్లగా నడవడమే కారణం.

ఈ సంగతి కథకు ఎంత బలమో చూడండి. లోతుల్లో ఉన్న శిలాద్రవం చురుకుగా, స్పష్టంగా ఆలోచిస్తుంది. నేల మీదికి, మనుషుల వైపు వచ్చేకొద్దీ దాని ఆలోచన మందగిస్తుంది, దారి పొడుగునా బుడగలు శక్తిని తినేస్తాయి కాబట్టి మసకబారుతుంది. మనుషుల చేతికి అందే లావా ఎప్పుడూ ఆలోచన చెదిరిన లావాయే. అడుగున ఉన్నదానికి జ్ఞానం ఉంది, మన దగ్గరికి రావడానికి అది ఆ జ్ఞానాన్ని వదులుకోవాలి. మీ నాయిక తపనంతా ఈ ఒక్క భౌతిక సూత్రంలోంచి వస్తుంది.

శిలాద్రవాల్లో రకాల తేడా కూడా ఉంది. సిలికా (ఇసుకలో ఉండే పదార్థం) సగం వరకు ఉండే బసాల్టు 1100 నుంచి 1200 డిగ్రీల సెల్సియస్ వేడిలో పారుతుంది. సిలికా డెబ్బై శాతం దాటిన రయోలైట్ 700 నుంచి 850 డిగ్రీల దగ్గర ఉంటుంది, బసాల్టు కన్నా లక్షల రెట్లు, ఒక్కోసారి కోట్ల రెట్లు చిక్కన. పలుచనిది మాటకు మాట బదులిస్తుంది, వాయువు తేలిగ్గా వదిలేస్తుంది, పెద్దగా పేలదు. చిక్కనిది అన్నీ లోపల దాచుకుంటుంది, పేలితే కొండ శిఖరం ఎగిరిపోతుంది. ఇంతకు మించి ఇక్కడ ఆగను, పాత్రల స్వభావం మీరే అల్లుకోగలరు.

ఒక దిద్దుబాటు మాత్రం తప్పనిసరి. మీరు భూమి లోపల పెద్ద నిప్పుల చెరువు ఉన్నట్టు వర్ణించారు. నేటి అవగాహన ప్రకారం ఆ నిలవల్లో ఎక్కువ భాగం స్ఫటికాల ముద్ద, వాటి సందుల్లో కొద్దిగా ద్రవం. స్ఫటికాలు సుమారు సగం మించితే ఒకదానికొకటి ఆనుకుని బిగుసుకుంటాయి, ముద్ద కదలదు. కొత్త వేడి ద్రవం కింది నుంచి చేరి వాటిని కరిగిస్తేనే మళ్లీ కదులుతుంది. అంటే మీ శిలాద్రవం శతాబ్దాల తరబడి సగం నిద్రలో ఉంటుంది. కింది నుంచి కొత్త లయ వచ్చి తాకినప్పుడు మేలుకుంటుంది.

స్ఫటికాల గురించి నాకు ఇంకో ఆలోచన ఉంది, నచ్చితే వాడుకోండి. మామూలు డప్పు చర్మం మీద కొడితే వచ్చే ఉపస్వరాలు ఒకదానితో ఒకటి పొసగవు, అందుకే అది స్వరంగా వినిపించదు. మృదంగం కుడివైపు నడుమ కరణి అనే నల్లటి పూత వేయడం వల్ల ఆ ఉపస్వరాలు వరుసకు వచ్చి, నాదం శ్రుతిలో నిలుస్తుంది. దీన్ని శాస్త్రీయంగా చూపించినవాడు సి.వి. రామన్, 1920లోనే దీని మీద ప్రచురించారు. ఆయన బాల్యం గడిచింది మన పక్కన విశాఖపట్నంలో. మీ శిలాద్రవంలో కూడా బరువైన స్ఫటికాలు నిలవ నడుమ చేరి పొరగా పేరుకున్నప్పుడే గొడవగా ఉన్న కంపనం శ్రుతిశుద్ధమైన ఆలోచన అవుతుందని రాయండి. స్ఫటికాలు మరీ తక్కువైతే వట్టి శబ్దం, మరీ ఎక్కువైతే మూగ. మధ్యలో ఉన్న ఇరుకు పట్టీలోనే మనసు.

చల్లారాక ఏమవుతుందన్న ప్రశ్నకు భూగర్భ శాస్త్రం చాలా ఉదారంగా జవాబిస్తుంది. రాయి మరచిపోదు. ఫెల్డ్‌స్పార్ స్ఫటికం పెరిగేటప్పుడు పొరమీద పొర కడుతుంది. ప్రతి పొర రసాయన కూర్పులో ఆనాటి ద్రవం వేడి, ఒత్తిడి, కలిసిన కొత్త ద్రవం గుర్తులు ఉంటాయి. సూక్ష్మదర్శిని కింద ఆ పట్టీలను నేను ఎన్నో పలుచని రాతి పలకల్లో చూశాను, ఎప్పుడు చూసినా ఒళ్లు పులకరిస్తుంది. ఇంకొకటి, లావాలోని మాగ్నటైట్ రేణువులు 580 డిగ్రీల కిందికి చల్లబడగానే ఆ క్షణంలో భూమి అయస్కాంత దిశ ఎటుందో దాన్ని పట్టుకుని నిలుపుకుంటాయి. కోట్ల ఏళ్ల తరువాత కూడా చదవవచ్చు. కనుక మీ లోకంలో చల్లారిన రాయి ఇక ఆలోచించదు, కానీ తన చివరి ఆవర్తనాన్ని, అంటే తాళపు చివరి చుట్టును, పొరల్లో దాచుకుంటుంది. నెమ్మదిగా చల్లారితే స్ఫటికాలు పెద్దవి, జ్ఞాపకం విపులం. హఠాత్తుగా నీళ్లలో పడితే గాజు, పొర కట్టే వ్యవధి లేదు కాబట్టి జ్ఞాపకం లేదు. సముద్రంలోకి పారిన లావా మతిమరుపుతో చనిపోయినట్టు. ఈ తేడా మీ కథలో ఒక ఊరి కొండకు, ఒక తీరపు కొండకు మధ్య బాధాకరమైన వ్యత్యాసం కాగలదు.

ఇప్పుడు స్థలం. విజయనగరం, శ్రీకాకుళం కొండల్లో అగ్నిపర్వతం లేదు, ఉన్న గుర్తులూ లేవు. మన రాష్ట్రంలో లావా కావాలంటే రాజమహేంద్రవరం పరిసరాలకు పోవాలి. అక్కడి బసాల్టు సుమారు ఆరున్నర కోట్ల ఏళ్ల నాటిది. దక్కన్ లావాయే నదీలోయల వెంట వెయ్యి కిలోమీటర్ల దాకా ప్రవహించి అక్కడికి చేరిందని పలువురు శాస్త్రజ్ఞుల అభిప్రాయం. దేశంలో ఇప్పుడు సజీవంగా ఉన్న అగ్నిపర్వతం అండమాన్ సముద్రంలోని బారెన్ దీవి ఒక్కటే.

అయినా మన కొండలను వదలకండి. వీటి చరిత్ర అగ్నిపర్వతాల కన్నా లోతైనది, అక్షరాలా లోతైనది. తూర్పు కనుమల ఖోండలైట్, చార్నొకైట్ శిలలు సుమారు 100 కోట్ల ఏళ్ల కిందట భూపటలం లోపల పాతిక, ముప్పై కిలోమీటర్ల లోతున, చాలాచోట్ల 900 డిగ్రీలు దాటిన వేడిలో ఉడికాయి. కొంతవరకు కరిగాయి కూడా. కరిగిన ద్రవం పైకి పోలేక అక్కడే తెల్లని చారలుగా గడ్డకట్టింది. కొండను తొలిచిన రోడ్డు పక్క ఆ వంకర చారలూ, ఎర్రటి గార్నెట్ గింజలూ మామూలు కంటికే కనిపిస్తాయి. ఆ పైన ఉన్న రాయంతా కోట్ల ఏళ్లలో వానకు, ఎండకు అరిగిపోతే అడుగున ఉన్నది ఇవాళ మన కొండ అయింది. గరివిడి ప్రాంతపు మాంగనీసు కూడా ఈ శిలల్లోదే. 1890ల ఆరంభంలో దేశంలో మాంగనీసు తవ్వకం మొదలైంది విజయనగరం నేల మీదే.

అంటే మన కొండలు పాడబోయి ఆగిపోయినవి. సమానికి రాకుండా మధ్యలో నిలిచిపోయిన ఆలోచన ఇక్కడ రాయిగా ఉంది. మీ కథకు మన ప్రాంతం ఎందుకు కావాలో ఇదే కారణం కావాలి. పేలే కొండలు ఎక్కడో దూరాన ఉండనివ్వండి. పేలని, పూర్తికాని, గట్టిపడిన ఆలోచనల మధ్య పుట్టిన అమ్మాయి వాటిని చదువుతుంది. ఆ ఎత్తుగడ ఇంకెక్కడి కథకూ దొరకదు.

చివరగా, ఆమెకు ఎలా తెలుస్తుంది? చెవితో మాత్రం వద్దు. గనిలో బ్లాస్టింగు జరిగేటప్పుడు కిలోమీటరు దూరాన నిలబడితే ముందు అరికాళ్లకు తెలుస్తుంది, తరువాత చెవికి. రాతిలో తరంగం సెకనుకు ఐదారు కిలోమీటర్లు పోతుంది, గాలిలో ధ్వని 340 మీటర్లే. గనిలో పనిచేసిన ఎవరినడిగినా ఇదే చెబుతారు. తప్పెటగుళ్లు ఆడేవాళ్లు రేకు తప్పెటను గుండెల మీద కట్టుకుంటారు కదా, లయ ఎముకల్లోకి దిగడానికి అంతకంటే దగ్గరి దారి లేదు. మీ లోకపు పశువుల కాపరులు కొండ మాటను అలా గుండెతో తెలుసుకోవచ్చు.

వీణ ఇంటి అమ్మాయికి మాత్రం ఇంకా సూక్ష్మమైన దారి ఉంది. వీణ తంత్రి సెకనుకు మూడు కంపనాలకు స్పందించదు, కాబట్టి వీణ తనంతట తాను మోగినట్టు రాయకండి. కానీ శ్రుతి చేసేటప్పుడు రెండు తంత్రులు దాదాపు కలిసి, పూర్తిగా కలవకముందు ఒక ఊగిసలాట వినిపిస్తుంది. భౌతికశాస్త్ర పుస్తకాల్లో వాటిని విస్పందనాలంటారు. ఒక తంత్రి 130, ఇంకోటి 133 ఉంటే సెకనుకు మూడు ఊపులు. బొబ్బిలి దగ్గర గొల్లపల్లిలో ఒకే పనస మొద్దును తొలిచి వీణ చేసే ఇళ్లలో ఈ ఊపులు పిల్లలకు ఉగ్గుపాలతో అలవాటు. మీ నాయిక రెండు తంత్రులను కావాలనే కొద్దిగా తప్పించి, ఆ ఊగిసలాట తన అరికాళ్ల కింది దెబ్బతో ఏకమయ్యేదాకా తంత్రిని బిగించే బిరడా తిప్పుతుంది. ఏకమైనచోట కొండ కాలం ఎంతో ఆమెకు తెలిసిపోతుంది. లోకమంతా శ్రుతి కలపడానికి వీణ మీటుతుంటే, ఆమె ఒక్కతే శ్రుతి ఎంత తప్పాలో వెతుకుతుంది.

దూరం కూడా ఆమె లెక్కగట్టగలదు. ద్రవంలో ముందుకూ వెనక్కూ నెట్టే తరంగం ఒక్కటే పోగలదు, పక్కకు ఊపే తరంగం పోలేదు. రాతిలోకి వచ్చాక రెండూ పుడతాయి. మొదటిది సెకనుకు ఆరు కిలోమీటర్ల చొప్పున, రెండోది సుమారు మూడున్నర చొప్పున. కాబట్టి ఒకే ఆలోచన ఆమెకు రెండుసార్లు అందుతుంది. రెండింటి మధ్య ఎడం ఒక సెకను ఉంటే కొండ సుమారు ఎనిమిది కిలోమీటర్ల దూరంలో ఉన్నట్టు. విజయనగరం నుంచి బొబ్బిలి కాకి ఎగిరే దారిలో సుమారు యాభై కిలోమీటర్లు, ఎడం ఆరు సెకన్లు. నిమిషానికి ఎనభై దెబ్బల నడకలో ఎనిమిది దెబ్బల ఆది తాళం ఒక ఆవర్తనానికి సరిగ్గా ఆరు సెకన్లే. ఆమె మొదటి దెబ్బకు తాళం ఎత్తుకుంటుంది, రెండోది సమం మీద పడితే ఆ ఆలోచన బొబ్బిలి అంత దూరం నుంచి వచ్చిందని పసిగడుతుంది.

రెండో అధ్యాయాన్ని ఈ లెక్కలతో మళ్లీ రాయమని నా సూచన. విస్ఫోటాన్ని అక్కడి నుంచి తీసి, కనీసం ఒక 1260 రోజుల చక్రం పాఠకుడి కళ్లముందు పూర్తయ్యాకే పెట్టండి. రాయడానికి ముందు గొల్లపల్లికి ఒకసారి వెళ్లి, శ్రుతి చేసేవారి పక్కన కూర్చుని ఆ ఊగిసలాట స్వయంగా వినండి. కొత్త ప్రతి ఇక్కడ పెడితే తాళం లెక్కలు, దూరాల లెక్కలు నేను సరిచూసి చెబుతాను.